ఘాటమ్మ మోచెయ్యి

మా గౌస్ బాషాను చీరలో చూడనివాళ్ళు గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో లేరు. చీర విప్పి చొక్కా వేసుకుంటే గుర్తుపట్టేవాళ్ళూ లేరు. మొన్నామధ్య గుంటూరు నుంచి ప్రత్తిపాడు బస్సులో ఇద్దరం నిలబడి వస్తున్నాం. కిటికీ పక్కన ఒకాయన ఫోన్లో సీరియల్ పెట్టుకుని మావాడు వేసే ఘాటమ్మను చూస్తూ పొట్ట పట్టుకుని నవ్వుతున్నాడు. బస్సు ఊగినప్పుడల్లా ఆ ఘాటమ్మ చొక్కా జేబు ఆయన చెవికి తగులుతోంది. "కాస్త అవతలికి జరుగు బాబూ, మీద పడతావేంటి" అని ఆయన విసుక్కున్నాడు. బాషా జరిగాడు. నాకు నవ్వొచ్చింది గానీ వాడికి రాలేదు. ఘాటమ్మను చూసి నవ్వడం వాడు అప్పటికే మానేశాడు.

నా పేరు గోపాలకృష్ణ. ప్రత్తిపాడులో కేబుల్ కనెక్షన్లు నావి. ఫోన్లొచ్చి నా వ్యాపారాన్ని సగం తినేశాయి, మిగతా సగం మీద బతుకుతున్నాను. బాషా, నేను బళ్ళో ఒకే బెంచీ. వాడి సీరియల్ మా ఊరి ఇళ్ళలోకి వచ్చింది నా తీగల్లోంచే. కాబట్టి వాడి కథ చెప్పడానికి నాకంటే తగినవాడు ఇంకొకడు ఉన్నాడని నేను అనుకోను. ఉంటే వచ్చి చెప్పుకోమనండి.

బాషా వాళ్ళ నాన్న పీరు పరుపులు కుట్టేవాడు. వాళ్ళది దూదేకుల కుటుంబం. తాత వాడిన దూది ఏకే విల్లు వాళ్ళింట్లో గోడకు వేలాడుతుండేది. స్పాంజి పరుపులొచ్చాక పీరు పని సన్నగిల్లింది. అప్పటినుంచి ఇల్లు నడిచింది వాళ్ళమ్మ మౌలాబీ చేతుల మీద. ఆమె మిరప పనికి పోయేది. తోడు పక్కింటి పేరమ్మ. వీళ్ళ పండగ వేరు, వాళ్ళ పండగ వేరు. అయినా ఇద్దరూ వదినా వదినా అనుకునేవాళ్ళు. అలా పేరమ్మ బాషాకు అత్తయింది.

ఫిబ్రవరి వచ్చిందంటే గుంటూరు రోడ్డు మీద కోల్డ్ స్టోరేజీల పక్కన, రేకుల షెడ్ల కింద, ఆడవాళ్ళు బారులు తీరి కూర్చుని మిరపకాయల తొడిమలు తీస్తారు. తెల్లబారిన తాలు కాయలను ఏరి అవతల పోస్తారు. మధ్యాహ్నానికి వేళ్ళు మండడం మొదలవుతుంది. ఎంత కడిగినా ఆ మంట పోదు. అందుకని ఆ చేత్తో మొహం ముట్టుకోరు. కంట్లో నలక పడినా, చెమట దిగినా, మోచెయ్యి పైకెత్తి జబ్బ మీది రవిక గుడ్డకు కన్ను రాసుకుంటారు. అందరూ చేసేదే. కానీ పేరమ్మ చేస్తే ఒక తీరు. ఆమె మోచెయ్యి తల దాటి లేచేది, మెడ వంగేది, నోరు ఒక పక్కకు పోయేది. పక్కవాళ్ళకు నవ్వొచ్చేది. ఆమె కూడా నవ్వేది.

సీజన్లో ఆ ఆడవాళ్ళు పసిపిల్లల్ని ఎత్తుకోరు. ఎవరైనా తెలియక బిడ్డను అందించబోతే పేరమ్మ రెండు చేతులూ వెనక్కి పెట్టుకుని "నా చేతులు మంచివి కాదు నాయనా" అనేది. అని, వంగి, మోచేత్తో బుగ్గ నిమిరేది. బాషా పుట్టింది మార్చిలో. వాణ్ణి కూడా మొదట మోచేత్తోనే ముద్దు చేసిందట. వర్షాలు పడి కాయ పని అయిపోయాక ఎత్తుకుంటే ఇక దించలేదని మౌలాబీ చెబుతుంది. పేరమ్మకు పిల్లలు లేరు.

మేం పదో తరగతిలో ఉన్నప్పుడు బడి వార్షికోత్సవానికి ఒక హాస్య నాటిక వేశాం. అందులో గయ్యాళి అత్త వేషం బాషాకు పడింది. "మొగపిల్లాడికి చీరేంటి, నలుగురూ నవ్వరూ?" అని మౌలాబీ అడ్డం పడింది. "నవ్వడానికేగా వదినా నాటకం" అని పేరమ్మ తన మంగళగిరి చీర తీసింది. పెళ్ళికి పెట్టిన చీర అది. వాడికి కుచ్చిళ్ళు పెట్టడం, కొంగు సర్దుకోవడం, చీరలో తట్టుకోకుండా మెట్లెక్కడం ఆమే నేర్పింది. ఆ రోజు బడి మైదానంలో ఊరంతా నవ్వింది. అందరికంటే ముందు నవ్వింది పేరమ్మ. ఆ నవ్వు చెవిలో పెట్టుకునే వాడు హైదరాబాదు బస్సెక్కాడు.

కృష్ణానగర్‌లో ఇరుకు గదిలో ఉంటూ వాడు వేయని వేషం లేదు. పెళ్ళి సీన్లో వెనకాల భోంచేసేవాడు, ఆసుపత్రి సీన్లో స్ట్రెచర్ తోసేవాడు. మొహం కనపడే షాట్ పడిన రోజు ఊరికి ఫోన్ చేసి చెప్పేవాడు. తీరా మేం చూసేసరికి ఆ ముక్క కత్తిరించేసి ఉండేది. పెళ్ళయ్యాక భార్య సాజిదా మిషన్ కుట్టి ఇల్లు నెట్టుకొచ్చింది. ఇక ఊరికి తిరిగి వచ్చేద్దామా అని ఇద్దరూ అనుకుంటున్న రోజుల్లో ఒక చానెల్ వాళ్ళు కొత్త కామెడీ సీరియల్ మొదలుపెడుతున్నారని తెలిసింది. ఒక అపార్టుమెంటు, అందులో నాలుగు కుటుంబాలు. పల్లెటూరి నుంచి వచ్చి తిష్ట వేసిన అత్తగారి పాత్రకు చీర కట్టే మగవాడు కావాలట.

ఆడిషన్‌లో వాడికంటే ముందు వెళ్ళినవాళ్ళంతా గాజులు గలగలలాడించి, నడుము తిప్పి వచ్చారు. బాషాకు ఏం చేయాలో తోచలేదు. లైట్ల వేడికి చెమట కంట్లోకి దిగింది. మోచెయ్యి ఎత్తి, మెడ వంచి, మూతి వంకర పెట్టి, అచ్చం పేరమ్మలా తుడుచుకున్నాడు. డైరెక్టరు నవ్వి నవ్వి కుర్చీలోంచి జారాడు. "అదేంటయ్యా, ఏదీ మళ్ళీ చెయ్యి" అన్నాడు. వాడు మళ్ళీ చేశాడు. "దీనికో మాట కూడా ఉందండీ" అని నోరు జారి ఆ మాట కూడా ఇచ్చేశాడు. నా చేతులు మంచివి కాదు నాయనా. ఘాటమ్మ అలా పుట్టింది.

ఇంతవరకు నేను వాణ్ణి తప్పు పట్టను. నటుడన్నవాడు చూసిందే చేస్తాడు, ఊహించి చేస్తే మనం చూడలేం. తప్పు ఆ తర్వాతది. చానెల్ రచయితలు ఘాటమ్మను పనిదొంగను చేశారు. కోడలు గిన్నెలు కడగమంటుంది. ఘాటమ్మ మోచెయ్యి ఎత్తి కన్ను తుడుచుకుని "నా చేతులు మంచివి కాదు నాయనా" అని సోఫాలో కూలబడుతుంది. వెనకనుంచి నవ్వుల టేపు. బట్టలు ఆరెయ్యమన్నా అదే, కూర తరగమన్నా అదే. మొదటి స్క్రిప్టు చదివినప్పుడే వాడికి చురుక్కుమందట. అత్త ఇలాంటిది కాదండీ అని నోటిదాకా వచ్చిందట. మింగేశాడు. "కడుపు కోసంరా గోపీ" అన్నాడు నాతో. కడుపు ఎవరికి లేదు? పేరమ్మకు లేదా?

మొదటి ఎపిసోడ్ రోజు మౌలాబీ ఇంట్లో ఇరుగుపొరుగంతా చేరారు. బొమ్మ సరిగ్గా రావాలని నన్ను కూడా పిలిచి కూర్చోబెట్టారు. ఘాటమ్మ మోచెయ్యి ఎత్తగానే పేరమ్మ గుర్తుపట్టింది. "ఓసినీ, వీడు నన్నే చేశాడు వదినా" అని కళ్ళ వెంట నీళ్ళు కారేలా నవ్వింది. ఆ నీళ్ళు మోచెయ్యి ఎత్తి తుడుచుకునేసరికి మేం ఇంకా నవ్వాం. వాడికి ఫోన్ చేయించి "బాగా చేశావురా అల్లుడూ" అంది. ఆ ఒక్క మాటతో వాడి చురుకు చల్లారింది. చల్లారకుండా ఉంటే బాగుండేది.

నవ్వు నాలుగు విధాల చేటని ఊరికే అనలేదు. సీరియల్ వారం వారం పాకింది. షెడ్డులో మేస్త్రి బుల్లయ్య "ఏం ఘాటమ్మా, ఇవాళ చేతులు మంచివేనా, పని చేస్తావా?" అని పలకరించడం మొదలుపెట్టాడు. అందరికంటే ఎక్కువ కాయ ఒలిచే మనిషిని పట్టుకుని అనే మాటా అది? బస్టాపులో కుర్రాళ్ళు ఆమెను చూసి మోచేతులు ఎత్తేవాళ్ళు. అద్దంకి నుంచి పెళ్ళికొచ్చిన చుట్టాలు కూడా "ఒరిజినల్ ఘాటమ్మ ఇల్లెక్కడ?" అని వాకబు చేసి చూసిపోయారు. ఆమె మొదట్లో నవ్వింది. తర్వాత తిట్టింది. తర్వాత ఏమీ అనడం మానేసింది. చివరికి మోచెయ్యి ఎత్తడమే మానేసింది. భుజాన ఒక తువాలు వేసుకుని, చెమట పడితే దానికి మొహం రాసుకునేది. ఆడవాళ్ళ మధ్య కూర్చుని, పుట్టినప్పటినుంచీ ఎరిగిన పని చేస్తూ, తన చెయ్యి తనే కట్టేసుకుంది.

రెండేళ్ళ కిందటి మార్చిలో ఒక వీడియో నా ఫోన్‌కు వచ్చింది. అప్పటికే ఊళ్ళో సగం ఫోన్లు తిరిగి వచ్చింది. షెడ్డులో పనిచేసే ఒక పిల్ల తీసింది. పేరమ్మ కాయ ఒలుస్తూ ఉంటుంది. భుజం మీది తువాలు జారి కాయల్లో పడుతుంది. ఇక దానికి మొహం రాసుకోవడానికి లేదు. చెమట కంట్లోకి దిగుతుంది. మోచెయ్యి లేస్తుంది. సగం లేచాక ఆమె ఎదురుగా ఉన్న ఫోన్ను చూస్తుంది. మోచెయ్యి మెల్లగా దిగిపోతుంది. అప్పుడు ఆమె చేత్తో కన్ను నులుముకుంటుంది. ఒక్క క్షణం. తర్వాత కేక వేసి నీళ్ళకుండ వైపు పరిగెడుతుంది. వెనకాల నవ్వులు. వీడియో అక్కడితో అయిపోతుంది.

కారం మంట ఆ రోజుకు తగ్గింది గానీ గోరు గీసుకున్న చోట పుండు పడింది. సీజన్ నడుస్తుండగా పని మానడమెందుకని పేరమ్మ ఆముదం చుక్క వేసుకుని అలాగే షెడ్డుకు పోయింది. గుంటూరు కంటాసుపత్రికి తీసుకెళ్ళేసరికి ఆలస్యమైంది. కుడికంట్లో పువ్వు వేసి చూపు పోయింది. ఒంటికన్నుతో తాలు కాయ తెలియదని మేస్త్రి ఆమెను పిలవడం మానేశాడు.

ఆ వీడియో బాషాకు అభిమానులే పంపారు. నవ్వే బొమ్మలు పెట్టి, నీ గురువు దొరికిందన్నా అని రాసి మరీ పంపారు. అది చూసిన మధ్యాహ్నం వాడు మేకప్ గదిలో పేరమ్మలాంటి చీర కట్టుకుని, పేరమ్మలాంటి ముడి వేసుకుని కూర్చుని ఉన్నాడు. అద్దంలో ఆమె, ఫోన్లో ఆమె. తిన్నింటి వాసాలు లెక్కపెట్టడం అంటే ఇదేరా గోపీ, నేను వాసాలు లెక్కపెట్టడం కాదు, ఊడబెరికి అమ్ముకున్నాను అన్నాడు నాతో. అన్నాడే గానీ ఆ మధ్యాహ్నమే సెట్లోకి వెళ్ళి మోచెయ్యి ఎత్తాడు. అదీ మావాడి సంగతి. తర్వాత ఎప్పుడో డైరెక్టరు దగ్గర ఆ తుడుచుకోవడం తీసేద్దామండీ అని నసిగాడు. "అది తీసేస్తే నీ దగ్గర మిగిలేది చీరే కదయ్యా" అన్నాడాయన. వీడు తల ఊపి వచ్చేశాడు.

ఇంట గెలిచి రచ్చ గెలవమంటారు. వీడు రచ్చ గెలిచాక ఇంటికి మొహం చూపలేకపోయాడు. ఏడాది దాటినా ఊరికి రాలేదు. పండ్లు పంపాడు, చీరలు పంపాడు. పేరమ్మ పండ్లు వీధి పిల్లలకు పంచింది. చీరలు మడత విప్పకుండా పెట్టె మీద పెట్టింది. ఫోన్ చేస్తే వాడు మాట్లాడేది వాన గురించి, ఆ ఏటి కాయ గురించి. ఆమె కూడా వాటి గురించే మాట్లాడేది. ఫోన్ పెట్టేశాక వాడికి అన్నం సహించేది కాదని సాజిదా చెప్పింది.

చాలా ఏళ్ళ ఎదురుచూపు తర్వాత మొన్న శీతాకాలంలో వాళ్ళకు ఆడపిల్ల పుట్టింది. అనీసా అని పేరు పెట్టారు. "పిల్లను ముందు పేరమ్మ వదినకు చూపించందే నా ఇంటి గడప తొక్కనివ్వను" అని మౌలాబీ కొడుక్కి తెగేసి చెప్పింది. అలా వాడు ఈ ఫిబ్రవరిలో వచ్చాడు. ఆడవాళ్ళను పిల్లతో వెనకాల రమ్మని, తను ముందు వెళతానన్నాడు. ఒక్కడికి ధైర్యం చాలక నన్ను తోడు తీసుకెళ్ళాడు.

ఊరి చుట్టూ కల్లాల్లో కాయ ఎర్రగా ఆరబోసి ఉంది. గాలి వీస్తే తుమ్ములు. పేరమ్మ అరుగు మీద కూర్చుని చింతపండు గింజలు తీస్తోంది. ఇప్పుడు ఆమెకు దొరికే పని అదే. చప్పుడుకు తల పక్కకు తిప్పి ఎడమకంటితో చూసింది.

"ఎవరది, బాషానా? ఎండన పడి వచ్చావు, కూర్చో. నువ్వు కూడా కూర్చో గోపీ."

వాడు కూర్చోలేదు. దారి పొడవునా ఏవేవో మాటలు వల్లె వేసుకున్నాడు, నేను విన్నాను. వాటిలో ఒక్కటీ రాలేదు.

"అత్తా, నీ కన్ను నేనే పోగొట్టాను" అన్నాడు.

పేరమ్మ గింజ తీసి పక్కన వేసింది. "గోరు నాది. ఫోను పట్టుకుంది షెడ్డులో పిల్ల. నువ్వెక్కడో హైదరాబాదులో ఉన్నావు. నువ్వెట్టా పోగొడతావు?"

"వీడియో చూశానత్తా. నువ్వు మోచెయ్యి ఎత్తబోయి దించేశావు. నావల్లే దించావు."

ఆమె చేతులు ఆగిపోయాయి. "చూశావా? అయితే అప్పటినుంచీ తెలిసే రాలేదన్నమాట" అంది.

 

"తుడుచుకోవడం చేశావని నాకు కోపం లేదురా" అంది పేరమ్మ. గొంతు పెంచలేదు. "చూసి ముందు నవ్వింది నేనే. నీకు చీర కట్టి పంపిందీ నేనే. కానీ పని ఎగ్గొట్టే ముండని చేశావే, అదిరా. మీ అమ్మకు జ్వరం తగిలితే ఆమె వంతు కాయ కూడా నేనే ఒలిచేదాన్ని. నిన్ను చెట్టు కింద ఆడుకోమని, ఓ కన్నేసి ఒలిచేదాన్ని. హైదరాబాదోళ్ళకు అది తెలియదు. ఈ కుర్రకుంకలకు తెలియదు. నీకు తెలుసు."

బాషా కింద కూలబడ్డాడు. "మానేస్తానత్తా. ఆ వేషం రేపే వదిలేస్తాను."

"వదిలేసి ఏం చేస్తావు, పరుపులు కుడతావా? నువ్వు మానేస్తే ఇంకోడు చీర కట్టుకుని అదే చేస్తాడు. నా కన్ను నాకు రాదు, నీకు కూడు రాదు. నీ మనసు తేలికపడాలని వచ్చావు. నన్నేదో ఒకటి అనమంటున్నావు. నాకు చేతకాదురా అది."

చేతులు కాలాక ఆకులు పట్టుకోవడం మనవాళ్ళకు అలవాటే. పట్టుకోవడానికి ఆమె ఆకు కూడా ఇవ్వలేదు. వాడికి ఏడుపు తన్నుకొచ్చింది. ఆరేళ్ళుగా చేసి చేసి ఒంటికి పట్టిన అలవాటు కదా, కన్ను తుడుచుకోవడానికి వాడి మోచెయ్యి దానంతటదే లేచింది. మెడ వంగింది. సగం ఎత్తాక, ఎదురుగా ఉన్నది ఎవరో గుర్తొచ్చి, అక్కడే ఆగిపోయాడు. దించలేడు, తుడుచుకోలేడు.

పేరమ్మ అది చూసింది. "చేత్తో తుడుచుకోరా. నీ చేతులకు కారమెక్కడిది?" అంది.

అంతలో మౌలాబీ, సాజిదా పిల్లతో వచ్చారు. దారిలో అత్తగారు అన్నీ చెప్పి తీసుకొచ్చినట్టుంది, సాజిదా అరుగు దగ్గర వంగి, పేరమ్మ మోచేతికి అందేలా పిల్ల బుగ్గను దగ్గరగా పట్టుకుంది. ఊరంతా కాయ పనిలో ఉన్న నెల మరి.

పేరమ్మ మోచెయ్యి చాపలేదు. చెంబులో నీళ్ళతో చింతపండు జిగురు కడుక్కుని, కొంగుకు తుడుచుకుని, రెండు చేతులూ ముందుకు చాచింది.

"ఇటియ్యమ్మా. పోయినేడు కాయ ముట్టుకోలేదు, ఈ ఏడూ లేదు. ఇప్పుడు నా చేతులు మంచివే."

ఫిబ్రవరి నెలలో పేరమ్మ పసిబిడ్డను ఎత్తుకోవడం నేను ఎన్నడూ చూడలేదు. ఆమె పిల్ల తలను అరచేతిలో పెట్టుకుని, బాగున్న కన్ను వైపుకు తిప్పుకుని, బుగ్గలు నిమిరింది, ముక్కు పట్టుకుంది, వేళ్ళు ఒక్కొక్కటే విప్పి చూసింది. పిల్ల ఆమె బొటనవేలు నోట్లో పెట్టుకుంటే పెట్టుకోనిచ్చింది. "నీ అయ్యను ఇట్టా ఎత్తుకోడానికి వానలు పడిందాకా ఆగా" అని దానికి చెప్పి, మనసారా నవ్వింది. చాలా రోజులకు విన్నాను ఆ నవ్వు.

బాషా ఆ చేతులకేసి ఒక్కసారి చూసి తల దించుకున్నాడు. ఆమె వాణ్ణి లోపలికి రమ్మనలేదు, పొమ్మనలేదు. వాడు అరుగు కిందే కూర్చుండిపోయాడు.